మిద్దె మీద బొగ్గు సినిమా

మొదటి డబ్బా తెరిస్తే లోపల బొగ్గు లేదు. బూడిద ఉంది.

చింతపుల్లలు ఏరుకొచ్చి, బెరడు గీకి, జానెడేసి ముక్కలు చేసి, పాత బిస్కెట్ల రేకుడబ్బాలో ఇరికించి, మూతకు మేకుతో ఒక బొక్క కొట్టి, పెరట్లో మూడురాళ్ల పొయ్యి మీద పెట్టాను. బొక్కలోంచి మొదట తెల్లపొగ బుసబుసా వస్తుంది. అది పుల్లల్లోని తడి. తర్వాత పసుపుపచ్చగా, కళ్లు మండేంత ఘాటుగా మారుతుంది. చివరికి సన్నబడి ఆగిపోతుంది. ఆగిన వెంటనే బొక్కను మట్టితో మూసి, డబ్బా పూర్తిగా చల్లారేదాకా దాని జోలికి పోకూడదు. నాకు ఓపిక లేకపోయింది. వేడి మీదే మూత లేపాను. గాలి తగలడమే ఆలస్యం, నల్లగా నిగనిగలాడుతున్న పుల్లలు ఎర్రబడి, నా కళ్లముందే తెల్లబడి, ఊదితే ఎగిరిపోయాయి.

మా అమ్మ వంటింటి గడపలో నిలబడి చూసి, "అంగట్లో పది రూపాయలకు పెన్సిలు దొరకతాది కదరా" అని లోపలికి పోయింది.

నేను తిరుపతిలో ఒక ప్రైవేటు బడిలో డ్రాయింగు మాస్టర్ని. వారానికి రెండు పీరియడ్లు, పరీక్షలు దగ్గరపడితే అవీ లెక్కల సారుకే. బొగ్గుబొమ్మలతో సినిమా తీయాలని, అదీ ఇంట్లోనే ఒక్కడినే తీయాలని నాకు పుట్టిన బుద్ధి గురించీ దానికి పట్టిన నెలల గురించీ ఇది. సినిమా నిడివి 2 నిమిషాల 40 సెకన్లు. నవ్వుకోవచ్చు. నేనూ నవ్వుకున్నాను, 300 ఫొటోలు పారేసిన రోజు తప్ప.

చింతబొగ్గు ఆలోచన నాది కాదు. శ్రీకాళహస్తిలో కలంకారీ వేసేవాళ్లు బట్ట మీద మొదటి గీత దానితోనే గీస్తారు. బట్టను ముందే కరక్కాయ, గేదెపాలు కలిపి అందులో తడిపి ఆరేసి ఉంచుతారు. పాలల్లోని కొవ్వు వల్ల రంగు పక్కకు పాకదు. బొగ్గు గీత కుదిరాక దాని మీదుగా కలంతో కసిమి నడుస్తుంది. తుప్పుపట్టిన ఇనుమూ బెల్లమూ నీళ్లలో వేసి రోజుల తరబడి పులియబెట్టిన నల్లనీళ్లే కసిమి. కరక్కాయ పట్టిన బట్టను తాకిందంటే ఇంక వదలదు. బొగ్గు మాత్రం దులిపితే రాలిపోతుంది, వాళ్లకు కావలసిందీ అదే. నాకు కావలసింది దానికి తిరగబడి ఉంది. గరుకు కాగితం మీద అదే బొగ్గు ఎంత తుడిచినా పూర్తిగా పోదు. బూడిదరంగు నీడ ఒకటి మిగులుతుంది. ఆ నీడ కోసమే ఈ తంటా అంతా.

రెండో డబ్బాను రాత్రంతా వదిలేశాను. పొద్దున బండ మీద ఒక పుల్ల జారవిడిస్తే గాజుముక్క పడ్డట్టు టింగుమంది. బొగ్గు బాగా కాలిందనడానికి అదే గుర్తు.

నన్ను ఈ దారిలోకి దింపినవాడు విలియం కెంట్రిడ్జ్. 1955లో జొహానెస్‌బర్గ్‌లో పుట్టాడు. బొమ్మలు గీస్తాడు, ఆ బొమ్మల్తో సినిమాలు తీస్తాడు, కొయ్యబొమ్మల్ని ఆడించేవాళ్లతో కలిసి నాటకాలు వేస్తాడు, ఆపెరాలకు దర్శకత్వం చేస్తాడు, తానే తెర మీదికొచ్చి తన గదిలో తానే తిరుగుతూ నటిస్తాడు. కాలేజీలో చదివింది రాజనీతి. తర్వాత పారిస్ పోయి జాక్ లెకాక్ బడిలో మాటల్లేకుండా నటించే మైమూ నాటకమూ నేర్చుకున్నాడు. నటుడిగా పనికిరానని అక్కడ తెలిసొచ్చి బొమ్మలకు తిరిగొచ్చానని తన మీద తానే జోకు వేసుకుంటాడు. ఆ మాట విన్నాకే ఆయన మీద నాకు నమ్మకం కుదిరింది. డిగ్రీలో నాటకంలో భటుడి వేషం వేసి ఈటె కింద పడేసినవాణ్ణి నేను.

ఆయన పనిని కళ్లారా చూసింది ఒక్కసారే. 2019 సంక్రాంతి సెలవుల్లో శబరి ఎక్స్‌ప్రెస్ ఎక్కి, రెండేళ్లకోసారి జరిగే కళల ప్రదర్శన కొచ్చి బియన్నాలేకు పోయాను. మట్టాంచేరిలో ఒక పాత గోదాము. లోపల వరసగా 8 తెరలు, వాటి మీదుగా ఒక ఊరేగింపు. బ్యాండుమేళం, జెండాలు మోసేవాళ్లు, సెలైన్ స్టాండ్లు లాక్కుంటూ నడిచే రోగులు, ఎగిరి గంతులేసే అస్థిపంజరాలు. మనుషులు నిజం మనుషులే, వెనకాల కొండలూ చెట్లూ మాత్రం బొగ్గుబొమ్మలు. ఒక తెర దాటి ఇంకో తెరలోకి, అట్లా ఎడతెగకుండా పోతూనే ఉంటారు. పక్కన నిలబడ్డ ఢిల్లీ అమ్మాయి ఏదో రాసుకుంటోంది. నాకు రాసుకోవడానికేం తోచలేదు. ఇది మా ఊరి గంగజాతర కదా, దీన్ని ఈయన ఎప్పుడు చూశాడు అనుకున్నాను. ఆయన చూసి ఉండడు. అయినా ఆ డోలు దెబ్బ, ఆ వేషాలు, ఏడుపూ ఆటా కలిసిపోయిన ఆ నడక మాకు తెలిసినవే.

ఊరేగింపు కంటే నన్ను ఎక్కువగా పట్టుకున్నది ఇంటికొచ్చాక చదివి తెలుసుకున్న ఆయన పాత పద్ధతి. 1989 నుంచి తీస్తున్న బొగ్గు సినిమాలవి. గోడకు ఒక పెద్ద కాగితం. కొన్ని అడుగుల దూరంలో కెమెరా. గీయడం, కెమెరా దగ్గరికి నడిచి ఒకటో రెండో ఫ్రేములు తీయడం, వెనక్కి నడిచి కాస్త చెరిపి కాస్త మార్చడం, మళ్లీ నడవడం. మామూలు కార్టూను సినిమాకు వేలకొద్దీ కాగితాలు కావాలి. ఈయనకు ఒక సినిమాకు కొన్ని పదుల కాగితాలు చాలు. ప్రతి కాగితమూ వందసార్లు చచ్చి వందసార్లు పుడుతుంది. మనిషి చెయ్యి ఎత్తితే, చెయ్యి అంతకుముందున్న చోటల్లా మసక మరకలు మిగులుతాయి. జొహానెస్‌బర్గ్ బంగారు గనుల ఊరు. గనుల్లోంచి తవ్విపోసిన మట్టి దిబ్బలు ఊరి చుట్టూ కొండల్లాగా ఉండేవి. మిగిలిపోయిన బంగారం కోసం ఆ దిబ్బల్నీ మళ్లీ తవ్వుకుపోయారు. నిన్న కనబడిన కొండ ఇవాళ కనబడని ఊళ్లో ఉన్నవాడికి రబ్బరు చేతికి రావడంలో వింతేముంది.

ఇది చదువుతుంటే నాకు మా నాయన గోడలు గుర్తొచ్చాయి.

మా నాయన బోర్డు ఆర్టిస్టు. ఫ్లెక్సు రాకముందు గాంధీ రోడ్డులో, తిలక్ రోడ్డులో ఎన్నో అంగళ్ల పేర్లు ఆయన చేతిరాతే. దారానికి చాక్‌పీసు పొడి పట్టించి గోడ మీద టప్పున కొట్టి గీత వేసేవాడు. ఆ గీతల మధ్య అక్షరం, అక్షరానికి షేడు, షేడుకు అంచు. అంగడి చేతులు మారితే పాత పేరు మీద సున్నం కొట్టి కొత్త పేరు రాసేవాడు. కార్తీకం వానలు రెండుసార్లు పడ్డాయంటే సున్నం పొట్టు లేచి, కొత్త పేరు కిందినుంచి పాత పేరు తొంగిచూసేది. సైకిల్ షాపు అక్షరాల సందుల్లోంచి సోడా ఫ్యాక్టరీ. షాపాయన వచ్చి గొడవపడితే మా నాయన, "పాతోడు యాడికి పోతాడు సామీ, మెల్లగా పోతాడులే" అని ఇంకో కోటు కొట్టి వచ్చేవాడు.

కథ అట్లా దొరికింది. ఒకే గోడ. మొదట సోడా షాపు, తర్వాత అద్దె సైకిళ్లు, తర్వాత ఎస్టీడీ బూత్, తర్వాత సెల్ రీచార్జి, చివరికి యాత్రికులకు గదులు. ముందునుంచి గుండ్లు కొట్టించుకున్న జనం పోతూ ఉంటారు. (గుండు గీయడం సులువు, అందుకే పెట్టుకున్నాను. ఇందులో వేదాంతం లేదు.) అన్ని పేర్లకూ ముందు ఒక 'శ్రీ'. తిరుపతిలో అంగడికి శ్రీ లేకుంటే బేరం రాదని మా నాయన నమ్మకం. కాబట్టి శ్రీ ఒక్కటీ చెరగదు, మిగతావన్నీ చెరుగుతాయి.

లెక్క వేసుకున్నాను. సినిమాకు సెకనుకు 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములు నిలిపితే సెకనుకు 12 బొమ్మలు. 160 సెకన్లకు 1,920. మా పక్కగది పదడుగులూ పన్నెండడుగులూ. కాగితం దగ్గర్నుంచి ఫోను స్టాండు దాకా ఆరు అడుగులు, తిరిగి ఆరు. మొత్తం 23,040 అడుగులు. అలిపిరి మెట్లు 3,550. అడుగుకు ఒక మెట్టు చొప్పున లెక్కేస్తే ఆరున్నర సార్లు కొండెక్కినట్టు. రెండొందల రూపాయల బ్లూటూత్ బటన్ కొనుక్కుంటే కాగితం దగ్గరే నిలబడి ఫొటో తీయొచ్చు, కొన్నాను కూడా. నాలుగు రోజులు వాడి మళ్లీ డ్రాయర్లో పడేశాను. కాగితానికి ముక్కు ఆనించి నిలబడితే తర్వాతి గీత ఏదో తెలియదు. నడిచి పోయి, ఫొటో తీసి, వెనక్కి తిరిగినప్పుడు బొమ్మ దూరంనుంచి కనబడుతుంది కదా, ఆ ఆరు అడుగుల్లోనే ఏది చెరపాలో తోస్తుంది. బడిలో పిల్లలకు 'దూరం నుంచి చూసుకోండిరా' అని ఇరవై ఏళ్లుగా చెబుతున్నాను. దానికి అర్థం నాకు ఈ గదిలో తెలిసింది.

మొదటి వారం పని మొత్తం పోయింది. ఫోనును దాని ఇష్టానికి వదిలేయడమే నేను చేసిన తప్పు. కాగితం మీద నలుపు పెరిగేకొద్దీ ఫోను చీకటిగా ఉందనుకుని తానే వెలుతురు పెంచేస్తుంది. చెరిపి తెల్లచేస్తే తగ్గించేస్తుంది. 300 ఫొటోలు వరసగా ఆడించి చూస్తే జ్వరమొచ్చిన ట్యూబులైటులాగా టపటపా కొట్టుకుంటున్నాయి. ఆ రాత్రి అన్నం సయించలేదు. మర్నాడు కూర్చుని ఒక్కొక్కటీ బిగించాను: వెలుతురు, ఫోకసు, రంగు. అయినా సన్నటి చారలు మిగిలాయి. మన కరెంటు 50 హెర్ట్జ్, చవక ఎల్ఈడీ బల్బు సెకనుకు 100 సార్లు మినుకుతుంది. షట్టరును సెకనులో యాభయ్యో వంతుకు కట్టేస్తే చారలు పోయాయి. కిటికీకి నల్లగుడ్డ మేకులు కొట్టాను. స్టాండు కాళ్ల చుట్టూ నేల మీద ఎర్రటేపు అంటించి, ఊడ్చేటప్పుడు దాన్ని తాకొద్దని అమ్మకు దండం పెట్టాను.

ఇంకో పదిరోజులకు గాని చొక్కా సంగతి తెలియలేదు. బల్బుల వెలుతురు నా చొక్కా మీద పడి కాగితం మీదికి తిరిగొస్తుంది. తెల్లచొక్కా వేసుకున్న రోజు బొమ్మలు ఒక రకంగా, నీలంచొక్కా రోజు ఇంకో రకంగా ఉన్నాయి. అప్పట్నుంచి అయ్యప్ప మాలప్పుడు కట్టిన నల్లచొక్కా ఒక్కటే. ఐదు నెలలు. దాని సంగతి మా ఇంట్లోవాళ్లను అడగండి.

కాగితాలదీ ఒక కథే. పిల్లలు వాడే డ్రాయింగు షీటు పదిహేనుసార్లు చెరిపేసరికి నూగు లేచి, ఇరవయ్యోసారికి చిరిగింది. మందంగా ఉండే 300 జీఎస్ఎం వాటర్‌కలర్ కాగితానికి మారాను. మామూలు రబ్బరు బొగ్గును తీయదు, కాగితంలోకి రుద్దుతుంది. పిండిముద్దలాంటి మెత్తరబ్బరు నయం, అది అద్దితే పొడిని పైకి లాక్కుంటుంది. రబ్బరు పుట్టకముందు చిత్రకారులు బ్రెడ్డుముద్దతో చెరిపేవాళ్లని చదివి అదీ ప్రయత్నించాను. బ్రహ్మాండంగా చెరిపింది. పొద్దున చూస్తే సోడా షాపు గోడ నిండా చీమలు. వాటిని ఊదబోయి బొగ్గుపొడి కూడా ఊదేసి, ఒక గుండాయన ముఖం పోగొట్టుకున్నాను. ఇంకోరోజు బల్బు దగ్గరి పురుగుల కోసం వచ్చిన బల్లి కాగితం మీదుగా నడిచి మూడు ఫొటోల్లో పడింది. నేను చూసుకోలేదు. తీసేయొచ్చు గానీ, ఎస్టీడీ బూత్ గోడ మీద బల్లి లేకపోతేనే అబద్ధం. ఉంచేశాను.

కుదిరిన రోజు 40, 50 బొమ్మలు. బడి నుంచి వచ్చి ఏడింటికి మొదలుపెడితే పదిన్నర. ఫ్యాను వేస్తే పొడి లేస్తుంది, వేయకపోతే చెమట కాగితం మీద పడుతుంది. చెమటచుక్క పడ్డచోట బొగ్గు పేస్టులాగా అంటుకుని ఏం చేసినా రాదు. 'సైకిల్ షాపు'లో ల మీద అట్లాంటి మచ్చ ఒకటి ఉంది. ఆ కాగితం మీద తర్వాత రాసినవాటన్నిటి కిందా అది కనబడుతూనే ఉంటుంది.

డిసెంబరు చివరికి బొమ్మలు అయిపోయాయి. అయితే ఫోన్లో పెట్టి చూసుకునేందుకా ఇంత చేసింది? నా మనసులో మొదట్నుంచీ ఇంకోటి ఉంది. సినిమాను ఒక గోడ మీద వేయాలి. ఆ గోడ మీద నేను నిలబడి, అక్షరాలు మారుతుంటే వాటి వెంటే బొగ్గుతో గీయాలి. సినిమా చెరుపుతుంది, నేను చెరపను. ఆగిపోయాక గోడ మీద ఏం మిగులుతుందో చూడాలి.

ఊళ్లో ఒక హాలు వాళ్లను అడిగాను. ఆఫీసులో ఆయన ఒక ఫారం ఇచ్చాడు. కార్యక్రమం ఏమిటో టిక్కు పెట్టాలి: నృత్యం, సంగీతం, నాటకం, ఉపన్యాసం, పెళ్లి. ఏదీ కాదన్నాను. "మరేంది సార్, మేజిక్కా?" అన్నాడు. వివరించాను. విన్నాడు, పాపం శ్రద్ధగానే విన్నాడు. "గోడ మీద బొగ్గా?" అని ఫారం వెనక్కి తీసుకున్నాడు. ఆయన బాధ ఆయనది.

మా మిద్దె ఉండగా హాలెందుకు. మెట్లగది గోడకు కొత్తగా సున్నం కొట్టించాను. ప్రొజెక్టరు ఒకరోజు అద్దెకు మాట్లాడాను. ఇంక నా వేషం సంగతి. అక్కడే మా నాయనకూ నాకూ తేడా వచ్చింది.

మే నెలలో తాతయ్యగుంట గంగమ్మ జాతర. అవిలాల నుంచి పుట్టింటి సారె వచ్చి చాటింపు పడిందంటే, ఊళ్లోవాళ్లు రాత్రికి పొలిమేర దాటి ఉండరు. ఆ మర్నాటినుంచి రోజుకో వేషం. బైరాగికి నామకొమ్ము తెలుపు, బండ వేషానికి కుంకుమ ఎరుపు, మూడోది తోటి వేషానికి బొగ్గు నలుపు. ఆడవాళ్లను చెరబట్టిన పాలెగాడు దాక్కుంటే వాణ్ణి వెతుకుతూ అమ్మ మార్చిన వేషాలవి అంటారు. దొర వేషంలో వాడు దొరుకుతాడు. తోటి నాటికి ఇంకా వెతుకులాటే. నా చిన్నప్పుడు మా నాయన మొక్కుకుని మూడేళ్లు తోటి వేషం వేశాడు. ఆయనకు వీపు అందదు గనక వీపుకు బొగ్గు రాసే పని నాది. పొడి గరగరమంటూ వేళ్ల కింద నలిగేది. ముందు మాసినట్టు ఉండి, ఆయనకు చెమట పట్టేకొద్దీ నల్లగా మెరిసేది. వేపమండలు, నిమ్మకాయల దండ తగిలించుకుని వీధిలోకి దిగితే ఆయన నాకు మా నాయనలాగా కనబడేవాడు కాదు. కొంచెం భయంగా ఉండేది. వెంటే పోయేవాణ్ణి.

నేను అట్లాగే ఒళ్లంతా బొగ్గు పూసుకుని గోడ ముందు నిలబడతానన్నాను. అంతా ఒకే నలుపుగా ఉంటుంది, బాగుంటుంది అన్నాను.

"నీకేం మొక్కుండాది?" అన్నాడు నాయన.

మొక్కు కాదు నాయనా, కళ అన్నాను. 2019లో నిఖిల్ చోప్రా అనే ఆయన న్యూయార్కులో మెట్రోపాలిటన్ మ్యూజియంలో 9 రోజులు అక్కడే ఉండి, వేషాలు మారుస్తూ పెద్ద గుడ్డ మీద బొమ్మ గీశాడని చెప్పాను. ఫోన్లో ఫొటోలు చూపించాను. నాయన కళ్లజోడు పెట్టుకుని ఓపిగ్గా చూశాడు.

"ఆయప్ప ఆయన వేషం ఆయన యేసుకున్నాడు. గంగమ్మది యేసుకోలే కదా. ఫిబ్రవరిలో తోటి వేషం ఏందిరా? చాటింపు పడిందా?"

నాకు జవాబు దొరకలేదు. ఇప్పటికీ ఆయనదే సరైన మాట అనుకుంటాను. వేషానికి ఒక రోజుంది, ఒక ఊరి ఒప్పుదల ఉంది. నేను దాని రంగు ఒక్కటే లాక్కోబోయాను. నల్లచొక్కాతోనే నిలబడ్డాను.

ఆ శనివారం సాయంత్రం మిద్దె మీదికి ముప్ఫై మంది దాకా వచ్చారు. బడి పిల్లలు, వీధివాళ్లు, మా లెక్కల సారు. కింది వాటాలో ఉండే పెద్దామె అమ్మను పట్టుకుని "ఏం మొక్కమ్మా ఇది, పెండ్లి కోసమా?" అని అడిగింది. నాకు పెళ్లయి పదిహేనేళ్లు.

సినిమా మొదట ఊరికే ఒకసారి వేశాను. బల్లి కనబడ్డప్పుడు పిల్లలు ఈలలు వేశారు. ఐదు నెలల్లో నేను గీయనిది అదొక్కటే, చప్పట్లు దానికే. రెండోసారి వేసి గోడ దగ్గరికి పోయాను.

గదిలో ఒక్కో అక్షరానికి గంట దాకా పట్టేది. ఇక్కడ అది సెకనులో వచ్చి సెకనులో పోతుంది. సో రాసేలోపు డా వచ్చేసింది. డా మీద చెయ్యి పెట్టేలోపు గోడ మీదున్నది సోడా కాదు, సైకిలు. నా నీడ నాకే అడ్డం. పక్కకు జరిగితే గుండ్లవాళ్లు నా చొక్కా మీదుగా నడుచుకుంటూ పోతున్నారు. సున్నం గోడ కాగితం కాదు, బొగ్గు కరకరా అరిగిపోతోంది. పుల్ల విరిగితే వంగి ఇంకోటి తీసుకునేలోపు ఎస్టీడీ బూత్ వచ్చి పోయింది. అంతవరకూ అది నాకు లయ తెలిసిన పని అనుకున్నాను. పరుగెత్తే బస్సు వెనక చెప్పులు తెగిన వాడిలాగా ఉంది నా పరిస్థితి. వెనకాల ఎవరో "సార్, రీచార్జి!" అని అరిచారు. మిగతా పిల్లలూ అందుకున్నారు. ఏ అక్షరం వస్తుందో వాళ్లు అరుస్తున్నారు, నేను గీస్తున్నాను.

సరిగ్గా అప్పుడు కరెంటు పోయింది.

చీకట్లో ఒక్క క్షణం ఎవరూ మాట్లాడలేదు. నా చెయ్యి గోడ మీదే ఉంది. తర్వాత ఒక పిల్లాడు ఫోను టార్చి వేశాడు, ఇంకొకడు వేశాడు, పదీ పన్నెండూ వెలిగాయి. గోడ మీద నావి పన్నెండు నీడలు. ఒకటి పొడుగు, ఒకటి పొట్టి, ఒకదాని మీదుగా ఒకటి. పిల్లలు చేతులు ఊపితే నీడలన్నీ ఊగుతున్నాయి. మట్టాంచేరి గోదాము గుర్తొచ్చింది. కరెంటు వచ్చేదాకా మిగిలినదంతా జ్ఞాపకం మీద గీశాను, పైకి చదువుతూ, పిల్లలు నాతో చదువుతూ. ఇంతకంటే బాగా నేను అనుకుని చేయలేను. కరెంటు వచ్చాక ప్రొజెక్టరు వేయలేదు, లైటు వేశాను. గోడ మీద ఒక నల్లటి చిక్కు. ఏ పేరూ చదవడానికి రాదు. ఎడమచివర శ్రీ ఒక్కటి తేటగా ఉంది, దాన్ని మొదటే గీసేశాను గనక.

మా నాయన ఆఖరి వరసలో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చున్నాడు. ఏమీ అనలేదు. బజ్జీలు తిని కిందికి దిగిపోయాడు.

మర్నాడు ఆదివారం. నేను లేచేసరికి పక్కగదిలో లైటు వెలుగుతోంది. ఆఖరి కాగితం ఇంకా గోడకే ఉంది, యాత్రికుల గదుల బొమ్మ. దాని ముందు నాయన నిలబడి ఉన్నాడు.

"నిన్న మిద్దె మీద జనం ముందర ఎందుకులే అని చెప్పలే" అన్నాడు. "శ్రీకి ఆ తోక ఏందిరా? దీర్ఘం అట్ట పైకి లేపితే తేలు కొండి మాదిరి ఉండాది. లోపలికి తిప్పల్ల. ఎన్నిసార్లు చూపించినా నీకు."

తొమ్మిది కాగితాల మీద, 1,920 ఫొటోల్లో, నేను ఒక్కసారి కూడా చెరపని అక్షరం అది.

చూపించమన్నాను. మెత్తరబ్బరు తీసుకోలేదు, పంచె అంచుతో తోక తుడిచాడు. బూడిదరంగు కొండి మిగిలింది. చింతబొగ్గు చేతికిస్తే ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు. కుడిచెయ్యి వణుకుతోంది. ఎడంచేత్తో మణికట్టు పట్టుకుని, ఊపిరి బిగబట్టి, ధాన్యపు గింజంత గీత గీశాడు. ఆగాడు.

"ఒక్క నిమిషం నాయనా" అని ఎర్రటేపు గుర్తుల మీద స్టాండు పెట్టి, ఫోను బిగించి, ఆయన్ని పక్కకు జరగమని ఫొటో తీశాను. "ఇంక గియ్యి."

గింజంత గీత. పక్కకు జరగడం. ఫొటో. ఆయనకు ఆ గదిలో నడవాల్సిన పద్ధతి నేను చెప్పక్కర్లేకపోయింది. గీత గీసి, రెండడుగులు వెనక్కి వేసి, తల వంచి చూసి, మళ్లీ ముందుకు. బోర్డు రాసేటప్పుడు రోడ్డు మధ్యకు వచ్చి నిలబడి చూసేవాడు, వెనక బస్సులు హారన్ కొడుతున్నా.

అయ్యేసరికి ముప్పావుగంట పట్టింది. 14 ఫొటోలు. కంప్యూటర్లో చివర అతికించి ఆడిస్తే సెకను మీద రెండు బొమ్మలు: ఆయన గానీ చెయ్యి గానీ ఎక్కడా కనబడరు, దీర్ఘం తనంతట తానే వంగి లోపలికి తిరుగుతుంది.

"అంతేనా? ఇంగోసారి వెయ్యి" అన్నాడు నాయన.